జముకు గుర్రుమన్న నాలుగు నిమిషాలు

మిక్సరు ముందు కొత్తగా కూర్చుంటున్న పిల్లల కోసం ఇది రాస్తున్నాను. పొద్దున్నే లేచి, ముఖం కడుక్కుని, టీ కూడా తాగకుండా కాగితాలు ముందేసుకున్నాను. మా ఆవిడ చూసి, "మల్లీ డూటీకెక్కీసారేటి?" అంది. ఎక్కినట్టే ఉంది మరి. రిటైరై కాసిడీహ్‌లో ఇంటిపట్టున కూర్చున్న నాకు ఇప్పుడు రోజు మార్చి రోజు ఫోన్లు వస్తున్నాయి. అందరిదీ ఒకటే ప్రశ్న: అంకుల్, జముకుకి మైకు ఎక్కడ పెట్టాలి?

ఈ జంషెడ్‌పూర్‌లో ఈ ప్రశ్న నన్ను ఎవరో ఒకరు అడుగుతారని, అదీ ఇరవై ఏళ్ల పిల్లలు అడుగుతారని ఎవరైనా చెబితే పగలబడి నవ్వేవాణ్ణి. జముకు ఏమిటో తెలియనివాళ్లకు చెబుతాను. చంకలో ఇమిడేంత బుంగ. ఒక పక్క మూతి తెరిచి ఉంటుంది, రెండో పక్క తోలు బిగించి ఉంటుంది. తోలు నడుమ నుంచి ఒక నరం బయటికి వస్తుంది. ఆ నరాన్ని ఒక చేత్తో లాగి పట్టుకుని రెండో చేత్తో మీటుతూ కథ పాడతారు. శ్రీకాకుళం వైపు నుంచి ఇక్కడి ఉక్కు కంపెనీ పనికి వచ్చిన మా తాతలు మూటాముల్లెతో పాటు దాన్నీ తెచ్చుకున్నారు. మా కాలంలోనే అది మూగబోయింది. మళ్లీ మోగడం మొన్ననే మొదలైంది. మూగబోవడంలోనూ, మోగడంలోనూ నా చెయ్యి ఉంది. అందుకే ఈ రాత.

మా పనిలో ప్రమోషన్లు లేవు కనక వాటి గురించి రాసే బాధ తప్పింది. సౌండు మనిషంటే మోత పెంచేవాడని లోకం అనుకుంటుంది. ఫంక్షను పెట్టినవాళ్లూ అలాగే అనుకుంటారు. మన పక్కకు వచ్చి నిలబడి "ఔర్ బఢావో", ఇంకా పెంచు అంటారు. వాళ్లు చెప్పినప్పుడల్లా ఖాళీగా ఉన్న ఒక బటను తిప్పండి, సంతోషించి వెళ్లిపోతారు. అసలు పని మోత పెంచడం కాదు. ఏది ఉంచాలి, ఏది తీసెయ్యాలి అన్న తీర్పు. ఆ తీర్పులో నేను ఒకసారి ఘోరంగా తప్పాను.

ఘోష్‌దా స్టూడియో

సాక్చీ బజారు వెనక ఒక మేడ మీద రెండు గదులు. గోడలకు గుడ్ల అట్టలు, తలుపుకు పాత పరుపు. అదే స్టూడియో. యజమాని ఘోష్‌దా, బెంగాలీ. నేను ఐటీఐలో ఎలక్ట్రీషియన్ పాసై, కంపెనీలో పిలుపు కోసం ఎదురుచూస్తూ కాలక్షేపానికి ఆయన దగ్గర చేరాను. ఆ కాలక్షేపమే నా బతుకైంది.

మొదటి నెల ఆయన నన్ను మెషిను ముట్టుకోనివ్వలేదు. వరండాలో కుర్చీ వేసి కూర్చోబెట్టాడు. సాయంత్రానికి ఏమేం విన్నావో చెప్పమనేవాడు. దర్జీ మిషను, రిక్షా గంట, కింద కొట్లో బెల్లం కొట్టే చప్పుడు అని చెబితే, ఆ దర్జీ మిషనుకు నూనె పెట్టి ఎన్నాళ్లైంది అని అడిగేవాడు. పిచ్చివాడి పాల పడ్డానని అనుకున్నాను. ఇప్పుడు చెబుతున్నాను, ఆ నెలకు మించిన చదువు నేను చదవలేదు. మీరు కూడా లాప్‌టాప్ మూసి అలా ఓ నెల కూర్చోండి. కూర్చోరని తెలుసు.

ఘోష్‌దా కోపిష్టి. టీ చల్లారితే గ్లాసు విసిరేవాడు. బల్బు వృథాగా వెలిగితే తిట్టేవాడు. టేపు విషయంలో మాత్రం రాజులా ఖర్చుపెట్టేవాడు. పాటగాళ్లు గదిలో అడుగుపెట్టిన క్షణం నుంచి టేపు తిరుగుతూనే ఉండాలి, వాళ్లు చెప్పులు వేసుకునేదాకా ఆపకూడదు అని ఆయన పట్టుదల. మా ఊళ్లో ఇంకో చిక్కుంది. షిఫ్టు మారేటప్పుడు కంపెనీ భోంపూ కూస్తే గోడలకు ఎన్ని అట్టలు కొట్టినా ఆగదు. అది కూసి పూర్తయ్యేదాకా అందరం చేతులు కట్టుకుని కూర్చునేవాళ్లం. అప్పుడు కూడా టేపు తిరగాల్సిందే. దండగ అని నాకు ఒళ్లు మండేది. ఆయన చూడకుండా చాలాసార్లు ఆపేసేవాణ్ణి.

ఒకసారి సంతాలీ అమ్మాయిలు ఆరుగురు వచ్చారు, వెంట డప్పులవాళ్లు. నేను కొత్త ఉత్సాహంతో ఒక్కొక్కరిని ఒక్కో కుర్చీలో కూర్చోబెట్టి, ఒక్కొక్కరి ముందు ఒక్కో మైకు పెట్టాను. పాట పీనుగులా వచ్చింది. నాలుగుసార్లు పాడించినా అంతే. ఘోష్‌దా లోపలికి వచ్చి, కుర్చీలన్నీ తనే మోసుకెళ్లి బయట పెట్టాడు. వాళ్ల ఊళ్లో ఎలా పాడతారో అలాగే పాడమన్నాడు. వాళ్లు చేతులు కలిపి వరుసగా నిలబడి అడుగులు వేస్తూ మొదలుపెట్టారు. పైన ఒకటే మైకు. గదిలోకి అడవి వచ్చి కూర్చున్నట్టైంది. కాళ్ల చప్పుడు కూడా పడుతోందే అని నేను గొణిగాను. "పడాలి కదా, పాట అక్కడి నుంచే వస్తోంది," అన్నాడాయన.

ఇంత పాఠం కళ్లముందు జరిగిందా, తర్వాత నా సొంతవాళ్ల విషయానికొచ్చేసరికి ఏం చేశానో చూడండి.

నా తప్పు

మా లైనులో, అంటే కంపెనీ క్వార్టర్ల వరసలో, అప్పలసామి మావ ఉండేవాడు. ఫర్నేసు దగ్గర ఖలాసీ పని. సెలవు రోజున జముకు వాయించేవాడు. భార్య నారాయణమ్మత్త కథ పాడేది. అమ్మవారి పండగకు వాళ్లిద్దరూ లేచి నిలబడ్డారంటే లైనంతా కదిలి వచ్చేది. జముకు మోతకు తోడు లోపల ఒక గుర్రు ఉండేది. బరువైన గుర్రు, కడుపులో తగిలేది.

నాకు ఆ గుర్రంటే సిగ్గు. ఇది ఇన్నాళ్లకు ఒప్పుకుంటున్నాను. నా స్నేహితులంతా హిందీవాళ్లు. జముకు మోగినప్పుడల్లా "తేరే మొహల్లే మే భైంసా బోల్ రహా హై" అని ఏడిపించేవాళ్లు. మా వీధిలో దున్నపోతు అరుస్తోందని. నేనూ వాళ్లతో కలిసి నవ్వేవాణ్ణి.

ఆ జంట కేసెట్టు చెయ్యడానికి స్టూడియోకి వచ్చిన రోజు ఘోష్‌దా ఊళ్లో లేడు. పెత్తనం నాది. మావ జముకు మీటగానే మీటరు ముల్లు ఎగిరెగిరి పడింది. ముందు ఎర్తు వైరు పట్టు తప్పి రొద వస్తోందనుకున్నాను. వైర్లన్నీ చూశాను, సరిగ్గానే ఉన్నాయి. ఆ రొద జముకుదే. తెలిసి కూడా కింది స్వరాలన్నీ తెగ్గొట్టే బటను నొక్కాను. జముకు మైకు తగ్గించాను. ఫ్యాషను కదా అని కీబోర్డు, తాళం వేసే రిథమ్ పెట్టె కలిపాను. చేసి పెట్టిన పాట సన్నగా, నున్నగా వచ్చింది. సినిమాలా ఉందని మురిసిపోయాను.

మావకు వినిపించాను. తలవంచుకుని మొత్తం విన్నాడు. చివర, "పాట బాగుంది బాబూ. అందల నా సేతులున్నాయి. నాను లేను," అన్నాడు.

పెద్దమనిషి చాదస్తం అనుకున్నాను. కేసెట్టు బాగా ఆడింది. ప్రతి తెలుగు పెళ్లిలోనూ అదే. నాకు పేరొచ్చింది. అది చూసి మిగతావాళ్లూ అదే దారి పట్టారు. కీబోర్డు ఉంటే జముకు ఎందుకన్నారు. నారాయణమ్మత్తను పిలిచేవారు, మావను పిలిచేవారు కాదు. ఆమె స్టేజీ మీద పాడుతుంటే ఆయన కింద కుర్చీలో కూర్చుని వినేవాడు. జముకును గోనెసంచిలో కట్టి దూలానికి వేలాడదీశాడని విన్నాను. కొన్నేళ్లకు ఆయన పోయాడు. శ్మశాన ఘాటు దాకా వెళ్లాను. క్షమించమని అడగడానికి అక్కడ ఎవరున్నారు?

పిల్లలూ, మిషను పాడైతే బాగుచేసుకోవచ్చు. చెవిలో సిగ్గు దూరితే మాత్రం ఏ మెకానిక్కూ లేడు.

స్కూటీ మీద వచ్చిన జముకు

ఈ మధ్యే ఒక ఆదివారం పొద్దున మా గుమ్మం ముందు స్కూటీ ఆగింది. ఒక అమ్మాయి, ఒళ్లో పిల్లను ఎత్తుకున్నట్టు తువ్వాలులో చుట్టిన జముకు. అప్పలసామి మావ మనవరాలు సంధ్య. సోనారిలో ఒక బళ్లో సంగీతం చెబుతుంది. తెలుగు మొత్తం అర్థమవుతుంది, జవాబు మాత్రం హిందీలో ఇస్తుంది. ఇద్దరు స్నేహితులతో కలిసి, గిటారు, డ్రమ్ములతో పాత లైను పాటల్ని మళ్లీ పాడుతున్నారట. అగ్రికో మైదానంలో తెలుగువాళ్ల వేడుక ఉంది, అందులో వాళ్లకు అరగంట ఇచ్చారు. నానమ్మ చేత పాడించాలని ఈ పిల్ల కోరిక.

నారాయణమ్మత్తకు ఎనభై దాటాయి. రోజురోజుకూ ఊపిరి తగ్గిపోతోంది. ఈసారి పాడకపోతే ఆ పాటలు ఆమెతోనే పోతాయి, ఇంకెవరికీ మొత్తం రావు. ఆమె పాడతానంది, కానీ ఒక షరతు పెట్టింది. జముకు మీ తాత వాయించినట్టు మోగితేనే వస్తాను, లేకపోతే రాను. సంధ్య కొత్త తోలు వేయించింది, వీడియోలు చూసి చూసి నేర్చుకుంది. నా ముందూ వాయించి చూపించింది. చెయ్యి బాగుంది, తాళం బాగుంది. కానీ డబ్బా మోత. గుర్రు లేదు. నానమ్మ రోజూ విని, కాదని తల అడ్డంగా ఊపుతోందట.

"కేసెట్ మే దాదాజీ కా జముకు సునాయీ హీ నహీ దేతా, అంకల్. అసలీ టేప్ మే తో హోగా?" అంది. కేసెట్టులో తాత జముకు వినిపించడం లేదు, అసలు టేపులోనైనా ఉంటుంది కదా అని.

ఉన్నది చెప్పేశాను. తెగ్గొట్టింది రికార్డు చేసేటప్పుడే, అసలు టేపులోనూ లేదు, ఆ పని చేసింది నేనే అని. ఆ పిల్ల కోప్పడలేదు. నేల చూస్తూ, "క్యోం కాటా?" అని అడిగింది, ఎందుకు తెగ్గొట్టారని.

"సిగ్గేసి, తల్లీ," అన్నాను.

ఆమె వెళ్లడానికి లేచింది. జముకును మళ్లీ తువ్వాలులో చుడుతుంటే నాకు చటుక్కున వెలిగింది. ఘోష్‌దా టేపు! పాటకు ముందు తిరిగిన టేపు! ఆ రోజు ఆయన లేడు. మరి నేను టేపు తిరగనిచ్చానా, ఆపేశానా? ఎంత తన్నుకున్నా గుర్తు రాలేదు.

పెట్టెలో స్పూలు

ఘోష్‌దా స్టూడియో మూసేసినప్పుడు పాత మెషిను, ట్రంకు పెట్టె నిండా టేపు చుట్టిన స్పూళ్లు నాకు ఇచ్చాడు. అవి ఎప్పుడూ పారెయ్యలేదు, ఎప్పుడూ తెరవలేదు. సంధ్య, నేను నేల మీద కూర్చుని ఒక్కొక్కటీ తీశాం. మావ పేరు నా చేతిరాతతో ఉన్న స్పూలు అట్టడుగున దొరికింది. మెషిను బెల్టు మైనంలా కరిగి ఉంది. మిక్సీలు బాగుచేసేవాడి దగ్గర సరిపోయే బెల్టు దొరికేసరికి రెండు రోజులు పట్టింది.

నారాయణమ్మత్తను ఆటోలో తీసుకొచ్చారు. పదకొండింటికి మీట నొక్కాను. ముందు బుస్సుమని చప్పుడు. తర్వాత ఎవరో దగ్గడం. టీ గ్లాసు నేల మీద పెట్టిన చప్పుడు.

టేపు తిరుగుతూనే ఉంది. ఆ రోజు నేను ఆపలేదు.

అప్పుడు జముకు. నిండుగా, బరువుగా, నేను ఇంకా ఏ బటనూ నొక్కకముందు మోగిన జముకు. నా కిటికీ అద్దం అదిరింది. విసురుకుంటున్న అత్త చెయ్యి ఆగిపోయింది. ఆ మోత మధ్యలో ఒక కుర్రాడి గొంతు విసుగ్గా, "మావా, ఆ గుర్రేటి? అది రాకుండా వాయించలేవేటి?" అంది.

అది నేనే. ఆ మాట అన్నట్టు నాకు గుర్తే లేదు. దానికి మావ ఇచ్చిన జవాబు కూడా గుర్తు లేదు, ఎందుకంటే ఆ రోజు నేను వినలేదు. మైకు విన్నది.

"అది రాపోతే జముకెందుకు బాబూ? ఇటు సూడు. సంకలో ఒదులుగా ఎట్టుకుంతే డబ్బా మోత. పక్కటెముకలకి అదిమీసి, ఊపిరి బిగబట్టి మీటాల. ఊపిరొగ్గీసినావనుకో, బుంగ మూతి తెరుసుకుంతది, అప్పుడు గుర్రంటది. మీ అత్త పాటలో ఎక్కడ ఊపిరి తీసుకుంతదో నాను అక్కడ ఒగ్గీతాను. ఆ గుర్రు దానికోసరం."

"సరే సరే, భోంపూ అయిపోనీ మావా, మొదలెడదాం," అంది కుర్రాడి గొంతు. తర్వాత మధ్యాహ్నం రెండింటి షిఫ్టు భోంపూ పొడుగ్గా కూసింది. అది ఆగాక పాట. సన్నగా, నున్నగా, గుర్రు లేకుండా.

పాటకు ముందరి ముక్క మొత్తం కలిపి నాలుగు నిమిషాలు. మెషిను ఆపాను. ఎవరి ముఖమూ చూడలేకపోయాను. నారాయణమ్మత్తే మాట్లాడింది.

"అవును. నాకు ఊపిరాడనిచ్చీవోడు. కీబోర్డాగదు కదా. దాంతో పాడిన కాడి నుంచీ నాకు ఆయాసమే," అంది.

ఆ మాటతో నలభై ఏళ్ల నా వృత్తి ఒకసారి కుదుపు తిన్నది. నేను రొద అనుకున్నది ఒక మొగుడు పెళ్లాం కోసం వదిలిపెట్టిన జాగా. మీటరు మీద ఆ సంగతి కనిపించదు.

సంధ్య అప్పటికే జముకు తీసింది. చంకలో ఎత్తి పక్కటెముకలకు అదిమింది. ఊపిరి బిగబట్టి మీటింది, వదిలింది. రాలేదు. మళ్లీ చేసింది. ఏదో కొంచెం గరగరమంది. నానమ్మ కూర్చున్నచోటి నుంచే చిన్నగా కూనిరాగం తీసి, మాట మధ్యలో ఆగి గాలి పీల్చింది. సంధ్య ఆమె నోటివంకే చూస్తూ సరిగ్గా అక్కడ ఊపిరి వదిలింది. గుర్రుమంది. నేను కుర్చీలోంచి లేచిపోయాను. మా ఆవిడ వంటింట్లోంచి గరిటెతో పరిగెత్తుకొచ్చింది.

అగ్రికో మైదానం

ఆ వేడుకకు సౌండు రోహిత్ అనే కుర్రాడిది. మంచి పనివాడు, నా కంటే మంచి చెవి. మిక్సరు మీద ఒక్క జముకు గీత, అంటే దాని చానెలు, మాత్రం నాకు వదిలెయ్యమని అడిగాను. పెద్దాయన ముచ్చట అనుకుని ఒప్పుకున్నాడు. మధ్యాహ్నం సరిచూసుకున్నప్పుడు అంతా అద్భుతంగా ఉంది. జముకు మూతికి జానెడు దూరంలో, కొంచెం పక్కకు మైకు. అందరూ అడుగుతున్నారు కదా, ఇదే జవాబు.

సాయంత్రం ఆరింటికి ముందు ఒక డాన్సు ఐటం ఉంది. దాని కోసం గీతలన్నీ మూసి, మళ్లీ తెరిచాం. సంధ్య వాళ్లు స్టేజీ ఎక్కారు. నారాయణమ్మత్త చెయ్యి పట్టుకుని తెచ్చి మైకు ముందు నిలబెట్టారు. ముందు వరసలో లైను ముసలివాళ్లు, వెనక వాళ్ల మనవలు, ఫోన్లు పైకెత్తి. గిటారు మొదలైంది, డ్రమ్ము కలిసింది, సంధ్య మీటింది.

అత్త నోరు తెరవలేదు.

గిటారు పిల్లాడు పాట ఎత్తుగడ బాణీని మళ్లీ వాయించాడు. ఆమె తెరవలేదు. మూడోసారి వాయించాడు. జనం గుసగుసలు మొదలెట్టారు. సంధ్య నానమ్మ వంక చూసింది, తర్వాత నేరుగా నా వంక చూసింది. ఆ పిల్ల చేస్తున్నది సరిగ్గానే ఉంది, పక్కటెముకలు కదలడం ఇక్కడికి కనిపిస్తోంది. ఆ డ్రమ్ముల హోరులో అత్తకు వినిపించేది స్పీకర్లలో వచ్చేదే. మరి గుర్రేది?

తల దించి చూసుకున్నాను. జముకు గీత మీద ఎర్ర దీపం వెలుగుతోంది. కింది స్వరాలు తెగ్గొట్టే బటను. ఎవరూ నొక్కలేదు. గీత మళ్లీ తెరిచేటప్పుడు నా వేలే నొక్కింది. నలభై ఏళ్ల అలవాటు, నన్ను అడక్కుండానే నొక్కేసింది.

పిల్లలూ, ఈ రాత అంతా ఈ ఒక్క ముక్క కోసం. తప్పు తెలిసింది కదా, ఇక చెయ్యం అనుకోకండి. తప్పు బుర్రలో ఉండదు, వేళ్లలో ఉంటుంది. పని చేసినన్నాళ్లూ మీ వేళ్లను చూసుకుంటూ ఉండండి.

బటను తీసేశాను. ఎర్ర దీపం ఆరింది. ఎత్తుగడ బాణీ నాలుగోసారి వచ్చింది, సంధ్య ఊపిరి వదిలింది, మైదానమంతా గుర్రుమంది. ముందు వరస ముసలివాళ్లు ఒక్కసారిగా నిటారుగా కూర్చున్నారు.

నారాయణమ్మత్త మైకు వైపు కాదు, తన ఎడమ పక్కకు తిరిగింది. అప్పలసామి మావ ఎప్పుడూ నిలబడే పక్క. మైకు ఆ మాటను కూడా పట్టింది.

"ఒచ్చీసినాడు," అని పాట ఎత్తుకుంది.